పేరు లేని రికార్డు

గ్రామఫోను రికార్డు చేతికి అందగానే మనము చేసే మొదటి పని అట్టమీది పేరు చదవడము. పాట ఏది, పాడినది ఎవరు అన్న సంగతి తెలిసిన తరువాతనే ముల్లు దించుతాము. రేడియో కేంద్రములో రికార్డుల బీరువాల నడుమ ఏండ్లు గడిపిన మావంటివారికి ఈ అలవాటు మరింత గట్టిది. పేరు లేని రికార్డును ఏ అరలో ఉంచవలెనో మాకు తోచదు.

1983వ సంవత్సరము మార్చి 7వ తేదీన ఇంగ్లండులో వెలువడిన ఒక రికార్డు అట్టమీద పాట పేరు లేదు, పాడినవారి పేరు లేదు. నల్లని అట్ట, అందులో కత్తిరించిన రంధ్రములు, ఒక అంచున రంగురంగుల చదరములు, అంతే. చూపునకు అది ఆనాటి కంప్యూటర్లలో వాడిన ఫ్లాపీ వలె ఉండెడిది. ఆ పాట ‘బ్లూ మండే’. దానిని కూర్చినవారు మాంచెస్టరు నగరపు ‘న్యూ ఆర్డర్’ బృందము. పన్నెండు అంగుళముల సింగిల్ రికార్డులలో అన్నింటికంటె ఎక్కువగా అమ్ముడుపోయినది ఇదేనని పేరుపొందినది.

ఒక్క పాటను ముఖ్యముగా పెట్టుకొని, వెనుకవైపు మరొకదానిని చేర్చి అమ్మే రికార్డునకు సింగిల్ అని పేరు. పూర్వపు 78 చుట్ల రికార్డు ఒక్కొక్క ప్రక్క మూడు నాలుగు నిమిషములకు మించి పట్టేది కాదు. మన నాటక పద్యములలో సాగవలసిన రాగములు ఎన్ని ఆ కొలతకు ముడుచుకొన్నవో పెద్దలకు తెలియును. యంత్రము మారినను కొలత మారలేదు. సింగిల్ అనగా మూడు నిమిషములే అన్న ఆచారము నిలిచిపోయినది. ‘బ్లూ మండే’ నిడివి 7 నిమిషముల 29 సెకన్లు. కార్యక్రమ పట్టిక వ్రాసేవారికి అది రెండు పాటల చోటు. ఇట్టి రికార్డును పెద్ద కంపెనీ ఏదియు తలపెట్టి ఉండదు. పెద్ద కంపెనీల నీడ విడిచి స్వతంత్రముగా నడిచే చిన్న సంస్థలను అచ్చట ‘ఇండీ’ అంటారు. అట్టిదే టోనీ విల్సన్, అలన్ ఇరాస్మస్ 1978లో నెలకొల్పిన ‘ఫ్యాక్టరీ’. ఈ విల్సన్ టెలివిజన్ వ్యాఖ్యాత. మా వృత్తికి దాయాది అనవచ్చును.

ఈ బృందమునకు ముందు మరొక పేరుండెను. ‘జాయ్ డివిజన్’ అన్న ఆ పేరుతో నలుగురు యువకులు పాడుచుండగా, 1980 మే 18వ తేదీన, అమెరికా పర్యటనకు బయలుదేరవలసిన తరుణములో, గాయకుడు ఇయాన్ కర్టిస్ ఆత్మహత్య చేసికొన్నాడు. అప్పటికి అతని వయస్సు 23 ఏండ్లు. మిగిలిన ముగ్గురు, బెర్నార్డ్ సమ్నర్, పీటర్ హుక్, స్టీఫెన్ మోరిస్, ఆ పాత పేరును విడిచిపెట్టినారు. గిలియన్ గిల్బర్ట్ అనే యువతి వారితో చేరినది. పోయినవాని స్థానములో పాడుట ఎవరికి? చివరకు సమ్నర్ పూనుకొన్నాడు. ‘బ్లూ మండే’లో అతని గొంతు ఉద్వేగమును దాచుకొని, దాదాపు నిర్లిప్తముగా వినబడును. దానిని కొందరు లోపమన్నారు. మాకు మాత్రము గాయకుడు కాని మనిషి మిత్రుని చోట నిలబడి పాడిన జాగ్రత్త అందులో వినిపించును.

అట్టి వారు యంత్రములను ఆశ్రయించడములో వింత లేదు. కచేరీ ముగిసినపిమ్మట ప్రేక్షకులు మరొక పాట కోరడము వారికి గిట్టేది కాదు. ఒక మీట నొక్కి తాము వెళ్లిపోగా యంత్రములే వాయించే పాట ఉంటే బాగుండునన్న ఆలోచన నుండి ఇది పుట్టినదని వారే చెప్పినారు. డ్రమ్ముల మోతకు ఒక యంత్రము, స్వరముల వరుసకు సమ్నర్ విడిభాగములు తెచ్చి తానే కూర్చుకొన్న మరొక యంత్రము. నడుమ వినవచ్చే బృందగాన ధ్వని జర్మనీ దేశపు ‘క్రాఫ్ట్‌వెర్క్’వారి 1975 నాటి రికార్డు నుండి గ్రహించినది, ఆ రికార్డు పేరు ‘రేడియో యాక్టివిటీ’ అని తెలిసినప్పుడు మేము నవ్వుకొన్నాము. గిల్బర్ట్ కాగితములను ఒకదానికొకటి అతికించి, స్వరములన్నిటిని వరుసగా వ్రాసికొని, ఒక్కొక్కటిగా యంత్రమునకు ఎక్కించినది. అందులో ఒక స్వరము తప్పిపోయినది. దానితో స్వరముల వరుస తాళమునకు కొంచెము ఎడముగా నడిచినది. విన్నారు, బాగున్నదనుకొన్నారు, అట్లే ఉంచినారు. యంత్రము చేసిన పాట అని పేరుపడిన దానికి ఆ నడక ఇచ్చినది ఒక మనిషి పొరపాటు.

అట్ట సంగతి మరి కొంత చెప్పవలెను. చిత్రకారుడు పీటర్ సావిల్ మోరిస్ వద్ద ఫ్లాపీని చూచి ఆ రూపము కల్పించినాడు. అంచునగల రంగులు నిజమునకు అక్షరములు. పాట పేరు, బృందము పేరు వానిలోనే ఉన్నవి. వానిని చదివే తాళపుచెవి అదే సంవత్సరము మే నెలలో వచ్చిన వారి పెద్ద రికార్డు వెనుక ముద్రింపబడినది. పేరు తెలియని రికార్డును జనము నాట్యశాలలలో చెవితో విని, అంగడికి పోయి అడిగి కొన్నారు. అక్టోబరు నాటికి అది బ్రిటను పట్టికలో 9వ స్థానమునకు చేరినది. అయితే ఆ రంధ్రముల అట్టకు ఖర్చు మెండు. మొదటి ముద్రణలలో అమ్మిన ప్రతి రికార్డు మీద కొన్ని పెన్నీలు నష్టపోయినామని విల్సన్ చెప్పుచుండెడివాడు. నష్టమెంతయో తలకొక లెక్క చెప్పినారు. తరువాత సాదా అట్టలు వేసినారు.

ఆ లెక్కలేనితనమే సంస్థ స్వభావము. బృందము ఆర్జించిన ధనములో చాల భాగము 1982లో తెరచిన ‘హాసియెండా’ అనే నాట్యశాల మ్రింగివేసినది. 1992 నవంబరులో ఫ్యాక్టరీ దివాలా తీసినది. అంతకుముందు ‘లండన్ రికార్డ్స్’ అనే పెద్ద కంపెనీ దానిని కొనుటకు వచ్చి కాగితములు చూపుమన్నది. అప్పుడు బయటపడిన పాత పత్రము విల్సన్ తన రక్తముతో వ్రాసినదని చెప్పుకొంటారు. పాటలన్నియు వాద్యకారులవే, కంపెనీకి ఏదియు లేదు అని దాని సారాంశము. కొనవచ్చినవారికి అచ్చట కొనుటకు ఏమియు మిగులలేదు. వారు ఫ్యాక్టరీని విడిచి, బృందము వద్దకే నేరుగా పోయి ఒప్పందము కుదుర్చుకొన్నారు.