ఫ్యూజు పీకిన చేతికి కోర్టు ఉత్తర్వు: విద్యుత్ కనెక్షన్ వివాదాల్లో ధిక్కార విచారణ

బకాయి పడిన ఇంటికి విద్యుత్ సరఫరా నిలిపివేసే అధికారం భారతదేశంలో 1910 నాటి విద్యుత్ చట్టంలోనే ఉండేది. ఆ చట్టం 24వ సెక్షన్ ప్రకారం ఏడు రోజుల గడువుతో లిఖితపూర్వక నోటీసు ఇచ్చిన తరువాతనే కనెక్షన్ తొలగించాల్సి ఉండేది. విద్యుత్ ఇన్‌స్పెక్టర్ తేల్చవలసిన వివాదం నోటీసుకు ముందే ఆయన వద్దకు చేరి ఉంటే, నిర్ణయం వెలువడే దాకా ఆ అధికారాన్ని వాడే వీలు ఉండేది కాదు. కాగితం మీద ఈ కట్టడి బాగానే ఉన్నా, లైన్‌మన్ స్తంభం ఎక్కి సర్వీసు వైరు విప్పడానికి కొద్ది నిమిషాలు చాలు, ఆ పని అక్రమమని కోర్టు తేల్చడానికి మాత్రం నెలలు, ఒక్కోసారి ఏళ్లు పడుతుంది. అందుకే ఈ వివాదాల్లో తుది తీర్పు కన్నా, విచారణ ముగిసే లోపు ఇచ్చే మధ్యంతర ఉత్తర్వుకే విలువ ఎక్కువ. దానిని ఖాతరు చేయని అధికారిని దారికి తేవడానికి మిగిలిన సాధనం కోర్టు ధిక్కార విచారణ.

ఈ సాధనం సామాన్య వినియోగదారుడికి అందుబాటులోకి రావడానికి రాజ్యాంగం అమలులోకి రావలసి వచ్చింది. 226వ అధికరణం రిట్లు, అంటే ప్రభుత్వ సంస్థలను నేరుగా ఆదేశించే ఉత్తర్వులు, జారీ చేసే అధికారాన్ని హైకోర్టులన్నింటికీ ఇవ్వగా, 215వ అధికరణం తమ ధిక్కారాన్ని తామే శిక్షించుకునే అధికారాన్ని ధ్రువీకరించింది. విద్యుత్ బోర్డు కూడా రాజ్యాంగం దృష్టిలో ‘రాజ్యమే’ అని రాజస్థాన్ బోర్డుకు సంబంధించిన కేసులో 1967లో సుప్రీంకోర్టు తేల్చడంతో, 1959లో ఏర్పడిన ఆంధ్రప్రదేశ్ విద్యుత్ బోర్డు వంటి సంస్థలు బిల్లు తగాదా ప్రైవేటు ఒప్పందానికి సంబంధించినదని చెప్పి రిట్టును తప్పించుకోవడం కష్టమైంది.

వివాదంలోని బకాయిలో కొంత భాగం కట్టించుకుని కనెక్షన్ పునరుద్ధరించాలన్నది తరచుగా కనిపించే ఉత్తర్వు. అది అమలు కాకపోతే చిక్కు మొదలవుతుంది: ఉత్తర్వు నకలు అందలేదని ఇంజినీరు, అందజేశానని వినియోగదారుడు, షరతు సొమ్ము గడువులో కట్టలేదని అకౌంట్స్ విభాగం ఎవరి వాదన వారు వినిపిస్తారు. ధిక్కారమంటే ఏమిటో 1926, 1952 కోర్టు ధిక్కార చట్టాలు నిర్వచించలేదు. ధిక్కార చట్టాన్ని పరిశీలించడానికి 1961లో నియమితమై 1963లో నివేదిక ఇచ్చిన సన్యాల్ కమిటీ కృషి తరువాత వచ్చిన 1971 చట్టమే సివిల్ ధిక్కారాన్ని ఉత్తర్వును ‘బుద్ధిపూర్వకంగా’ ఉల్లంఘించడంగా నిర్వచించింది. ఆ ఒక్క విశేషణమే అధికారులకు డాలు అయింది. అలసత్వం, అయోమయం, పై అధికారి అనుమతి కోసం నిరీక్షణ, ఇవేవీ బుద్ధిపూర్వకం కావని వాదించవచ్చు. వాదన నిలవదనిపిస్తే, విచారణ తేదీకి ముందు రోజు తీగ కలిపి, క్షమాపణతో ప్రమాణపత్రం దాఖలు చేయవచ్చు. శిక్ష పడిన సందర్భాలు అరుదు కావడం చూసి ఈ విచారణను నిష్ఫలమనడం సరి కాదు, ఎందుకంటే నోటీసు చేరిన మర్నాడు వెలిగే దీపమే దాని అసలు ఫలితం.

యజమాని అద్దెదారుని వెళ్లగొట్టడానికి నీళ్లూ కరెంటూ ఆపే తగాదాల దారి వేరు. వాటిలో సివిల్ కోర్టు ఇంజంక్షన్ ఉల్లంఘనకు సివిల్ ప్రొసీజర్ కోడ్ 39వ ఆర్డరు 2ఏ నిబంధన కింద ఆస్తి జప్తు, మూడు నెలల వరకు సివిల్ జైలు ఉన్నాయి గనుక, హైకోర్టులు సాధారణంగా ముందు ఆ దారినే చూపుతాయి. 2003 విద్యుత్ చట్టం నోటీసు గడువును పదిహేను రోజులకు పెంచి, ఫిర్యాదుల పరిష్కార వేదికలను, అంబుడ్స్‌మన్‌ను ఏర్పరచింది గానీ, అవి ధిక్కారానికి శిక్షించగల కోర్టులు కావు. చట్ట నిబంధనల ఉల్లంఘనకు లక్ష రూపాయల వరకు జరిమానా వేసే అధికారం విద్యుత్ నియంత్రణ మండలికి ఉంది.

ధిక్కారానికి హైకోర్టు వేయగల జరిమానా గరిష్ఠ పరిమితి మాత్రం 1926 చట్టంలో రెండు వేల రూపాయలు; 1952లోనూ, 1971లోనూ అంతే, నేటికీ అంతే.