బ్రదర్ భక్త్ సింగ్: మద్రాసులో మొదలైన పరిచర్య

భక్త్ సింగ్ 1903లో పంజాబులో సిక్కు కుటుంబంలో పుట్టారు. ఇంజనీరింగు చదువుకు లండన్, ఆపై కెనడా వెళ్లారు. 1932లో వాంకూవర్‌లో బాప్తిస్మం పొంది, మరుసటేడు దేశానికి తిరిగొచ్చారు. 1941లో మద్రాసులో యెహోవా షమ్మా సంఘం మొదలుపెట్టారు. ఆరణి నుంచి పట్నానికి పోయివచ్చే మనకిది దగ్గరి చరిత్రే. ఆయన ప్రసంగాన్ని తెలుగులోకీ, తమిళంలోకీ అప్పటికప్పుడు తర్జుమా చేసేవారు. ఒకే పందిట్లో రెండు భాషల వాళ్లూ ఎవరి మాటలో వాళ్లు వినేవారు. విదేశీ మిషన్ జీతం లేదు, పాస్టరన్న బిరుదూ లేదు. కులం అడక్కుండా అందరూ నేలమీద పక్కపక్కనే కూర్చుని తిన్న ప్రేమవిందే, మా దృష్టిలో, ప్రసంగాలకన్నా పెద్ద సంగతి. తర్వాత హైదరాబాదులోని హెబ్రోను ఆయన పరిచర్యకు కేంద్రమైంది. తెలుగునాట ఊరూరా సంఘాలు వెలిశాయి. 2000 సెప్టెంబరు 17న అక్కడే కన్నుమూశారు.