తప్పు జవాబుల దగ్గర మొదలైంది

సెమీ స్ట్రక్చర్డ్ ఇంటర్వ్యూలో చేతిలో ఓ పది ప్రశ్నలుంటాయి. అవతలి మనిషి మాట ఎటు పోతే అటు వెళ్లే వీలూ ఉంటుంది. వైద్యంలో, విద్యలో పరిశోధకులకు ఇవాళ ఇది రోజువారీ పనిముట్టు. దీని పుట్టుకకు దారులు చాలానే ఉన్నాయి గానీ నాకిష్టమైనది పారిస్ బడి దారి.

1920 ప్రాంతం. పాతికేళ్లు నిండని జీన్ పియాజేకి (మన బీఈడీ పుస్తకాల్లో దశల పట్టికగా మిగిలిపోయినతనే) ఒక పని దొరికింది. సిరిల్ బర్ట్ తయారుచేసిన తర్కం పరీక్షలను పారిస్ పిల్లలకు ప్రామాణీకరించాలి. ఏ వయసువాళ్లకు ఎన్ని ఒప్పులో లెక్కపెట్టడమే. విసుగు పని. అతని కన్ను తప్పుల మీద పడింది. ఒకే వయసు పిల్లలు ఒకే తీరుగా తప్పుతున్నారేంటి? దాంతో మానసిక వైద్యులు రోగులతో మాట్లాడినట్టు, "ఎందుకలా అనుకుంటున్నావు?" అని అడుగుతూ పోయాడు. ఆసుపత్రి పద్ధతి అలా బడికొచ్చింది.

1926లో వచ్చిన పుస్తకం ముందుమాటలో తన పద్ధతినే అనుమానించాడు. పిల్లల జవాబులు ఐదు రకాలట: వదిలించుకోడానికి చెప్పేవి, కథలల్లేవి, అడిగినవాళ్ల మనసెరిగి చెప్పేవి, అప్పటికప్పుడు ఆలోచించి చెప్పేవి, ముందే మనసులో ఉన్నవి. మూడోదే ప్రమాదం. "ఐరన్ మాత్రలు వేసుకుంటున్నారు కదమ్మా?" అంటే జవాబు ఆ "కదా"లోనే ఉంది. "ఇచ్చిన మాత్రలు ఏం చేశారమ్మా?" అంటే వచ్చే కథ వేరు.

ఏడాదిపాటు రోజూ సాధన చేస్తేగానీ కొత్తవాళ్ల తడబాటు పోదన్నాడు పియాజే. ఎక్కువ మాట్లాడకుండా ఉండటం కష్టమనీ, పాఠాలు చెప్పేవాళ్లకు మరీననీ.