విమర్శకు చట్టంలో చోటు ఎలా దొరికింది?

అధికారంలో ఉన్నవారి పనిని పత్రికలో విమర్శించే హక్కు ఇంగ్లాండు కోర్టుల నుంచి అరువు తెచ్చుకున్నదని చాలామంది అనుకుంటారు. అది సగమే నిజం. పుస్తక విమర్శకు రక్షణ ఇచ్చిన కార్ వర్సెస్ హుడ్ కేసు 1808లోనే అక్కడ నడిచింది. కానీ ఈ విషయంలో తరచూ ఉదహరించే కాంప్‌బెల్ వర్సెస్ స్పాటిస్‌వుడ్ తీర్పు 1863 నాటిది. అంతకు మూడేళ్ల ముందే, 1860లో, మన శిక్షాస్మృతి 499వ సెక్షన్ పరువు నష్టాన్ని నేరం చేస్తూనే దానికి పది మినహాయింపులు ఇచ్చింది. 1862లో అది అమల్లోకి వచ్చినప్పుడు కర్నూలు జిల్లా గూడూరుకూ, అప్పట్లో బళ్లారి జిల్లాలో ఉన్న ఆదోనికీ ఒకటే చట్టం. ప్రభుత్వోద్యోగి విధి నిర్వహణపై అభిప్రాయానికి రెండో మినహాయింపు, ప్రజా సమస్యలో తలదూర్చిన ఎవరి నడవడిపైనైనా అభిప్రాయానికి మూడోది, ప్రజల తీర్పుకు వదిలిన రచనపై విమర్శకు ఆరోది. ఆరోదాని కింద చట్టమే ఇచ్చిన ఉదాహరణ చూడండి. పుస్తకం అసభ్యంగా ఉంది కాబట్టి రాసినవాడి మనసూ అలాంటిదే అయి ఉండాలంటే నేరం కాదు. వాడు వ్యభిచారి, అందుకే పుస్తకం అసభ్యంగా ఉందంటే మాత్రం రక్షణ లేదు. మొదటిది పుస్తకంలో కనిపించిన దాన్నిబట్టి చెప్పిన మాట, రెండోది బయటి నుంచి తెచ్చి వేసిన నింద. పరువు నష్టం చట్టం మొత్తంలో ఇంత స్పష్టంగా గీసిన గీత మరొకటి లేదని నా అభిప్రాయం.

ఇన్ని మినహాయింపులిస్తే అభిప్రాయం పేరుతో బురద చల్లరా అని అడిగేవారున్నారు. న్యాయమైన భయమే. అయితే అభిప్రాయానికి ఇచ్చిన మినహాయింపు సద్భావానికే వర్తిస్తుంది, తగిన జాగ్రత్త లేనిచోట సద్భావం లేదని 52వ సెక్షనే తేల్చింది. గూడూరు విలేకరి ఒకరు తాగునీటి ట్యాంకర్ల బిల్లులు చూసి, ఇది ప్రజాధనం దుబారా అని రాశారనుకుందాం. బిల్లులు నిజమైతే ఆ మాట అభిప్రాయం. బిల్లులే చూడకుండా ఫలానావారు డబ్బు తిన్నారని రాస్తే అది ఆరోపణ, దానికి రుజువు కావాలి. పైగా ఇది పత్రికలకు ఇచ్చిన ప్రత్యేక వరమూ కాదు. మామూలు పౌరుడికి ఉన్న స్వేచ్ఛే పాత్రికేయుడికీ ఉందని 1914లో ఆర్నాల్డ్ కేసులో ప్రీవీ కౌన్సిల్ చెప్పింది.

రక్షణ ఉన్నప్పుడు బెంగ దేనికి అన్నది మరో వాదన. ఆ రక్షణ ఎప్పుడు దొరుకుతుందన్నదే అసలు సమస్య. మినహాయింపు తనకు వర్తిస్తుందని నిరూపించుకునే భారాన్ని 1872 సాక్ష్యాధారాల చట్టం నిందితుడి మీదే పెట్టింది. అంటే విచారణ మొదలయ్యాక, వాయిదాలకు తిరిగి తిరిగి, చివర్లో గానీ అది చేతికందదు. ఆ తిరుగుడు పెద్ద పత్రిక కంటే చిన్న ఊరి విలేకరినే నలుపుతుంది. 1994లో రాజగోపాల్ కేసులో తెలుగువాడైన జస్టిస్ బి.పి. జీవన్‌రెడ్డి, అధికారుల విధి నిర్వహణకు సంబంధించిన రాతపై, నిజానిజాలను బొత్తిగా పట్టించుకోకుండా అబద్ధం రాస్తే తప్ప, నష్టపరిహారం రాదన్నారు. సివిల్ దావాలకు అది పెద్ద ఊరట. క్రిమినల్ కేసు అలాగే మిగిలింది, 2016లో సుప్రీంకోర్టు 499వ సెక్షన్‌ను సమర్థించింది కూడా. 2024 జులై 1 నుంచి అదే నేరం భారతీయ న్యాయ సంహిత 356వ సెక్షన్ కిందికి వచ్చింది, మినహాయింపులూ వెంట వచ్చాయి. అదే రోజు అమల్లోకి వచ్చిన నాగరిక్ సురక్షా సంహిత 223వ సెక్షన్ ప్రకారం ప్రైవేటు ఫిర్యాదును విచారణకు స్వీకరించే ముందే మేజిస్ట్రేట్ నిందితుడి మాట వినాలి. రెండో, మూడో మినహాయింపు ఎత్తిచూపాల్సిన చోటు అదే. ఫిర్యాదు ఎదుర్కొంటున్న విలేకరులు, వారి న్యాయవాదులు ఆ మొదటి వాయిదాను వదులుకోవద్దు.