గొర్రెల కాపరి చదవకూడని గ్రంథం: ఇంగ్లండ్ చర్చి మార్పులో కిందివారి చరిత్ర

లండన్‌కు ఉత్తరాన సుమారు 30 కిలోమీటర్ల దూరంలో సెయింట్ ఆల్బన్స్ అనే ఊరు ఉంది. మధ్యయుగాల్లో ఆ ఊరూ, చుట్టుపక్కల పొలాలూ, ఏటి మీది పిండిమరలూ అక్కడి క్రైస్తవ మఠానివే. ఊరి జనం తమ ధాన్యాన్ని మఠం మరలోనే పట్టించుకోవాలి. పట్టించిన ప్రతిసారీ మఠానికి సుంకం కట్టాలి. ఇంట్లో తిరగలి ఉంటే నేరం. 1330 దశకంలో మఠాధిపతి రిచర్డ్ ఆఫ్ వాలింగ్‌ఫర్డ్ ఊరివాళ్ల ఇళ్లలోని తిరగళ్లను లాక్కుని, ఆ రాళ్లను మఠంలోని ఒక గది నేలకు పరిపించాడు. ఈయన ఆషామాషీ మనిషి కాడు. గొప్ప గణితవేత్త, ఖగోళ గడియారానికి రూపకల్పన చేసినవాడు. తిరగలి దగ్గరకు వచ్చేసరికి మాత్రం అచ్చమైన భూస్వామి.

అర్ధ శతాబ్దం తర్వాత, 1381 రైతుల తిరుగుబాటులో, ఆ ఊరి జనం మఠంలోకి చొరబడి ఆ నేలను తవ్వారు. తాతల నాటి తిరగలి రాళ్లను ముక్కలు చేసి, ఆదివారం గుడిలో దీవించిన రొట్టెను పంచుకున్నట్టు తలా ఒక ముక్క ఇంటికి పట్టుకెళ్లారు. ఈ సంగతి రాసిపెట్టినవాడు వాళ్ల పక్షం మనిషి కూడా కాదు. వాళ్లంటే మండిపడే ఆ మఠం సన్యాసి థామస్ వాల్సింగ్‌హామ్.

ఇంగ్లండులో మతం మారిన కథను మామూలుగా ఎనిమిదో హెన్రీ విడాకుల గొడవతో మొదలుపెడతారు. రాజు, ఆరుగురు రాణులు, పోప్‌తో తగువు. సినిమాలకూ అదే ముడిసరుకు. కానీ 14వ శతాబ్దం నుంచి 17వ శతాబ్దం దాకా సాగిన ఆ మార్పులో నేత పనివాళ్లు, కూలీలు, వెట్టి రైతులు, పేద స్త్రీలు ఏమయ్యారన్నది వేరే కథ.

లాటిన్ గోడ

అప్పటి ఇంగ్లండ్ చర్చి రోమ్‌లోని పోప్ కింద ఉండేది. పూజ లాటిన్‌లో జరిగేది, బైబిల్ లాటిన్‌లో ఉండేది. పొలంలో పండినదానిలో పదో వంతు చర్చికి చెల్లించాలి. మఠాలు, బిషప్‌లు దేశంలోనే అతిపెద్ద భూస్వాముల్లో ఉండేవారు. వాళ్ల భూముల్లో వెట్టి రైతులు ఉండేవారు. వెట్టి రైతు కూతురికి పెళ్లి చేయాలంటే దొరకు రుసుము కట్టాలి. చనిపోతే ఇంట్లోని మేలైన పశువు దొరకు పోతుంది. ఆ దొర మఠాధిపతి అయినా ఈ లెక్క మారలేదు.

ఇదొక్కటే చెబితే అన్యాయమవుతుంది. ఊరి గుడిని పేదలు తమదనుకున్నారు. కొవ్వొత్తుల కోసం చందాలు వేసుకున్నారు, పండగలు చేసుకున్నారు. ఉత్తరించు స్థలంలో ఉన్న తమ పెద్దల ఆత్మల కోసం ప్రార్థనలు చేయించారు. మఠం గుమ్మం దగ్గర దొరికే గంజీ రొట్టే కొందరికి నిజంగానే ప్రాణాధారం. అందుకే తర్వాత మఠాలను మూసినప్పుడు పేదలంతా సంతోషించలేదు.

1381 తిరుగుబాటుకు మాట ఇచ్చినవాడు జాన్ బాల్ అనే పాదిరి. దేవుడు మనుషులను దొరలుగా, దాసులుగా సృష్టించలేదని సంతల్లో, వీధుల్లో చెప్పి చెరసాల పాలయ్యాడు. తిరుగుబాటుదారులు లండన్‌లోకి వచ్చి కాంటర్‌బరీ ఆర్చిబిషప్ సైమన్ సడ్‌బరీ తల నరికారు. ఆయన రాజుకు ప్రధానమంత్రి వంటి చాన్సలర్ కూడా. మతాధికారం, రాజ్యాధికారం ఒకే మెడ మీద ఉన్న రోజులవి. జాన్ బాల్‌ను ఆ జూలైలో సెయింట్ ఆల్బన్స్‌లోనే చంపారు.

అదే కాలంలో ఆక్స్‌ఫర్డ్ పండితుడు జాన్ విక్లిఫ్, దేవుని వాక్యం జనం మాట్లాడే భాషలో ఉండాలని వాదించాడు. ఆయన తిరుగుబాటుదారుడు కాడు, పెద్ద ప్రభువుల అండ ఉన్నవాడు. కానీ 1384లో ఆయన పోయాక ఆ ఆలోచన కిందికి దిగింది. ఆయన అనుచరులు ఇంగ్లీషు బైబిల్‌ను చేత్తో రాసి పంచారు. 250కి పైగా ప్రతులు నేటికీ మిగిలి ఉన్నాయి. వాళ్లను ఎగతాళిగా లొల్లార్డులు అన్నారు. మతవిరోధులను కాల్చి చంపడానికి 1401లో చట్టం వచ్చింది. అనుమతి లేకుండా బైబిల్‌ను అనువదించడాన్ని 1409లో ఆర్చిబిషప్ ఆరండెల్ నిషేధించాడు. 1410లో జాన్ బాడ్‌బీ అనే దర్జీని కాల్చేశారు. 1428లో విక్లిఫ్ ఎముకలనే తవ్వి తీసి, కాల్చి, బూడిదను స్విఫ్ట్ నదిలో కలిపారు. ఆ ఏడాదే నారిచ్ బిషప్ విచారణలు మొదలుపెట్టాడు. వాటిలో మార్జరీ బాక్స్‌టర్ అనే వడ్రంగి భార్య పేరు కనిపిస్తుంది. రాత్రిపూట మా ఇంటికి రండి, మా ఆయన చదువుతాడు, విందాం అని ఇరుగుపొరుగును పిలవడం ఆమె మీద వచ్చిన సాక్ష్యాల్లో ఒకటి. ఆమెకు కొరడా దెబ్బల శిక్ష వేశారు.

సంఘం, పెద్దలు, మారుమనస్సు

అచ్చు యంత్రం వచ్చాక గోడకు బీట పడింది. 1526లో విలియం టిండేల్ గ్రీకు నుంచి నేరుగా ఇంగ్లీషులోకి తెచ్చిన కొత్త నిబంధన జర్మనీలోని వర్మ్స్‌లో అచ్చయింది. ప్రతులు బట్టల మూటల్లో దాక్కుని ఇంగ్లండ్ చేరాయి. లండన్ బిషప్ టన్‌స్టల్ దొరికినవాటిని దొరికినట్టు తగలబెట్టించాడు. నాగలి పట్టే కుర్రాడికి కూడా లేఖనం తెలిసేలా చేయాలన్నది టిండేల్ పంతం.

ఆయన పెట్టిన మాటలే పెద్ద గొడవ. చర్చి అనే చోట సంఘం అన్నాడు. ప్రీస్ట్ అనే చోట పెద్ద అన్నాడు. ప్రాయశ్చిత్తం చేయండి అని అర్థం చెప్పుకుంటున్న చోట మనసు మార్చుకోండి అన్నాడు. పాదిరికి డబ్బు కట్టి చేయించుకునే తంతు ఆ ఒక్క మాటతో ఎగిరిపోయింది. థామస్ మోర్ అంతటి పండితుడు ఈ మాటల మీద పెద్ద పుస్తకాలే రాశాడంటే, వాటి బరువు ఏమిటో ఆయనకు బాగా తెలుసన్నమాట. మన ఊళ్లలో సంఘం, సంఘ పెద్దలు, మారుమనస్సు అనే మాటలు వింటూ పెరిగినవాళ్లకు ఇవి మామూలుగా అనిపించవచ్చు. వాటిని ఎంచుకున్న టిండేల్‌ను 1536లో బ్రసెల్స్ దగ్గరి విల్‌వూర్డ్‌లో గొంతు నులిమి, శవాన్ని కాల్చేశారు.

అప్పటికి హెన్రీ పోప్‌తో తెగతెంపులు చేసుకున్నాడు. 1534 చట్టంతో ఇంగ్లండ్ చర్చికి తానే అధిపతి అయ్యాడు. 1536లో చిన్న మఠాలు, 1540 నాటికి మిగిలినవీ మూతపడ్డాయి. మొత్తం సుమారు 800. సెయింట్ ఆల్బన్స్ మఠం 1539 డిసెంబర్‌లో పోయింది. 1536లో ఉత్తరాన యార్క్‌షైర్‌లో దాదాపు 30 వేల మంది మఠాల కోసం లేచారు. వాళ్ల నాయకుడు రాబర్ట్ ఆస్క్‌ను మరుసటి ఏడు యార్క్‌లో ఉరితీశారు.

ఆ భూములు ఎవరికి వెళ్లాయన్నది అసలు ప్రశ్న. దున్నేవాడికి వెళ్లలేదు. రాజు వాటిలో ఎక్కువ భాగాన్ని ఫ్రాన్స్, స్కాట్లండ్ యుద్ధాల ఖర్చు కోసం అమ్మేశాడు. కొన్నవాళ్లు ఆస్థాన ఉద్యోగులు, జమీందారులు, వ్యాపారులు. దశమభాగం వసూలు చేసుకునే హక్కు కూడా చాలాచోట్ల వాళ్లకే పోయింది. మఠాధిపతి పోయి దొర వచ్చాడు, కౌలు మాత్రం కట్టక తప్పలేదు.

1538లో రాజమంత్రి థామస్ క్రామ్‌వెల్ ప్రతి గుడిలో ఇంగ్లీషు బైబిల్ పెట్టాలని ఆజ్ఞ ఇచ్చాడు. బాప్తిస్మాలు, పెళ్లిళ్లు, సమాధులు రిజిస్టరులో రాయాలన్నదీ అందులోదే. ఊరి కూలీ పేరు కాగితం మీదికి క్రమం తప్పకుండా ఎక్కింది అప్పటి నుంచే. బైబిల్ అయితే గుడిలోకి వచ్చింది కానీ, దాన్ని చదివి మద్యం దుకాణాల్లో కూడా వాదించుకుంటున్నారని రాజుకు భయం పట్టుకుంది. 1543లో పార్లమెంటు ఒక చట్టం చేసింది. ప్రభువులు, పెద్దమనుషులు ఇంట్లోవాళ్లకు చదివి వినిపించవచ్చు. వర్తకులు, గొప్పింటి స్త్రీలు తమలో తాము చదువుకోవచ్చు. మిగిలిన స్త్రీలు, చేతివృత్తులవాళ్లు, పని నేర్చుకునే కుర్రాళ్లు, పాలేర్లు, సన్నకారు రైతులు, కూలీలు ఇంగ్లీషు బైబిల్‌ను చదవనే కూడదు. పుస్తకం ఒకటే, పుట్టుకను బట్టి చదివే హక్కు వేరు. ఈ సూత్రం ఎక్కడ విన్నామో మన పాఠకులకు చెప్పనక్కరలేదు.

1546లో రాబర్ట్ విలియమ్స్ అనే గొర్రెల కాపరి, గ్లాస్టర్‌షైర్‌లోని సెయింట్‌బరీ గుట్ట మీద గొర్రెలు కాస్తూ, తాను కొన్న ఒక పుస్తకం ఖాళీ పేజీలో నాలుగు ముక్కలు రాసుకున్నాడు. కాపరులు చదవకూడదని కొత్త నిబంధనను నిషేధించారు కాబట్టి ఈ పుస్తకం కొన్నానని, ఈ గుడ్డితనాన్ని దేవుడే బాగుచేయాలని. ఆ పుస్తకం ఇంకా ఉంది. శాసనసభల చర్చల కన్నా ఆ పేజీ విలువైనదని నా అభిప్రాయం.

ఒకే సమావేశం, మూడు చట్టాలు

1547లో హెన్రీ చనిపోయి, తొమ్మిదేళ్ల ఎడ్వర్డ్ రాజయ్యాడు. పాలన సంస్కరణవాదుల చేతికి వచ్చింది. ఆ ఏడాది చివర్లో జరిగిన పార్లమెంటు సమావేశం బైబిల్ పఠనంపై నిషేధాన్ని, మతవిరోధుల చట్టాలను రద్దు చేసింది. అదే సమావేశం చనిపోయినవారి కోసం ప్రార్థనలు చేయించే నిధులను, మత సంఘాల ఆస్తులను రాజుపరం చేసింది. వాటిలో పేదలు పైసా పైసా కూడబెట్టుకున్నవీ ఉన్నాయి. అదే సమావేశం, పని చేయకుండా తిరుగుతున్నాడని పట్టుబడినవాడి రొమ్ము మీద వాత పెట్టి రెండేళ్లు బానిసగా అప్పగించాలని, పారిపోతే జీవితాంతం బానిస అని ఇంకో చట్టం చేసింది. అమలు చేయలేక 1550లో దాన్ని వెనక్కి తీసుకున్నారు. చదివే స్వేచ్ఛ, బానిసత్వం ఒకే సభ నుంచి, ఒకే నెలల్లో వచ్చాయి.

1549లో ఇంగ్లీషు ప్రార్థనల పుస్తకం తప్పనిసరి అయింది. పడమట డెవన్, కార్న్‌వాల్ ప్రజలు తిరగబడ్డారు. మాలో కొందరికి ఇంగ్లీషే రాదన్నది కార్న్‌వాల్ వాళ్ల ఫిర్యాదుల్లో ఒకటి. జనభాష అని లండన్ అనుకున్నది అందరి భాషా కాదు. అదే వేసవిలో తూర్పున నార్ఫక్‌లో రాబర్ట్ కెట్ నాయకత్వంలో వేలమంది నారిచ్ బయట గుడారాలు వేశారు. వీళ్లు కొత్త ప్రార్థనల పుస్తకాన్నే వాడారు. ఉమ్మడి బీళ్లను కబ్జా చేయడం ఆపాలన్నారు, పాదిరులు పేదల పిల్లలకు చదువు చెప్పాలన్నారు, వెట్టివాళ్లందరినీ విడుదల చేయాలన్నారు. క్రీస్తు తన రక్తంతో అందరినీ విడిపించాడన్నది వాళ్లు చూపిన కారణం. పాత మతం కోసం లేచినవాళ్లనూ, కొత్త మతాన్ని నమ్మి న్యాయం అడిగినవాళ్లనూ ఆ ప్రభుత్వం ఒకేలా, కిరాయి సైనికులను కూడా దింపి, అణచివేసింది. కెట్‌ను నారిచ్ కోట గోడకు ఉరివేశారు.

1553లో గద్దెనెక్కిన మేరీ దేశాన్ని మళ్లీ పోప్ కిందికి తెచ్చింది. 1555 నుంచి 1558 మధ్య 280 మందికి పైగా కాల్చి చంపారు. వారిలో యాభై మందికి పైగా స్త్రీలు. క్రాన్మర్ వంటి బిషప్‌ల పేర్లు అందరికీ తెలుసు. కానీ చనిపోయినవాళ్లలో ఎక్కువమంది నేతవాళ్లు, కూలీలు, చేతిపనివాళ్లు. డెర్బీలో జోన్ వేస్ట్ అనే పుట్టుగుడ్డి అమ్మాయి మేజోళ్లు అల్లి కూడబెట్టిన డబ్బుతో కొత్త నిబంధన కొంది. చదువు వచ్చినవాళ్లకు ఒకటి రెండు పెన్నీలు ఇచ్చి చదివించుకుని వినేది. 1556 ఆగస్టులో ఆమెను కాల్చేనాటికి వయసు 22.

ఎలిజబెత్ 1559లో చర్చిని మళ్లీ రాజ్యం కిందికి తెచ్చింది. బిషప్‌లు మిగిలారు, పూజ ఇంగ్లీషులో స్థిరపడింది, ఆదివారం గుడికి రాకపోతే 12 పెన్నీల జరిమానా పడింది. ఈసారి చావు కాథలిక్కుల వంతు. 1586లో పాదిరులకు ఆశ్రయమిచ్చిందని ఆరోపించిన మార్గరెట్ క్లిదెరో అనే కసాయి దుకాణదారు భార్యను యార్క్‌లో బరువుల కింద నలిపి చంపారు. ఈ ఆంగ్లికన్ చర్చే మిషనరీలతో 1841లో మచిలీపట్నం చేరింది. 1912లో దోర్నకల్‌లో వి.ఎస్. అజరయ్య ఆ చర్చికి తొలి భారతీయ బిషప్ అయ్యాడు. ఆయన సంఘాల్లో అత్యధికులు మాల, మాదిగలు.

వెట్టి సంగతి ఏమైంది? కెట్ మనుషులు అడిగిన విడుదలను ఏ రాజూ, ఏ ఆర్చిబిషప్పూ చట్టంగా ఇవ్వలేదు. 1574లో ఎలిజబెత్ తన సొంత భూముల్లోని వెట్టివాళ్లకు విముక్తి ఇవ్వడానికి అధికారులను నియమించింది, అదీ సొమ్ము తీసుకుని. మిగతాచోట్ల కూలీ రేట్లు, కౌలు ఒప్పందాలు మారుతూ వచ్చి వెట్టి దానంతటదే కరిగిపోయింది. కోర్టుకెక్కిన చివరి వెట్టి కేసు 1618 నాటిది. తన గుర్రాన్ని తోలుకుపోయాడని పిగ్ అనే వ్యక్తి ఫిర్యాదు చేస్తే, అతను నా వెట్టివాడు, కాబట్టి గుర్రమూ నాదేనని కేలీ అనే దొర జవాబిచ్చాడు. అప్పటికి రాజు జేమ్స్ పేరుతో ఇంగ్లీషు బైబిల్ వచ్చి ఏడేళ్లయింది.