సింహళ తెరకు తొలి తార



ఒకప్పుడు ఇంటిపని చేసుకుంటూ సిలోన్ రేడియోలో తెలుగు పాటలు విన్నవాళ్లు మనలో చాలామందే ఉన్నారు. స్టేషను వాళ్లది, పాటలు మనవి. మరి ఆ దేశానికి సొంత సినిమా, సొంత పాట ఎలా మొదలయ్యాయో ఎప్పుడైనా ఆలోచించారా? ఆ కథలో ముందు చెప్పుకోవలసిన పేరు రుక్మిణీదేవి. కళాక్షేత్రం స్థాపించిన మన రుక్మిణీదేవి కాదు సుమండీ, ఈమె వేరు.

1923లో సిలోన్ కొండసీమలోని రంబోడలో, తమిళ క్రైస్తవ కుటుంబంలో పుట్టిందామె. తల్లిదండ్రులు పెట్టిన పేరు డైసీ రాసమ్మ డేనియల్స్. చిన్ననాడే నాటకాల్లో వేషం కట్టింది. పదిహేను, పదహారేళ్ల వయసులో గ్రామఫోను రికార్డుకు పాడింది. ఏం పాట అనుకున్నారు? బుద్ధగయను స్తుతించే సింహళ పాట! పుట్టుకకు తమిళ పిల్ల, మతానికి క్రైస్తవురాలు. అయినా ఆ గొంతును సింహళ బౌద్ధుల ఇళ్లలో తమ పిల్ల గొంతులాగే విన్నారు.

తర్వాత మినర్వా నాటక సంస్థలో చేరింది. అక్కడి హాస్యనటుడు ఎడ్డీ జయమాన్నను పెళ్లాడింది. ఆ సంస్థవారి నాటకమే 'కడవును పొరొందువ', అంటే 'తప్పిన మాట', 1947 జనవరిలో సినిమాగా వచ్చింది. సింహళంలో అదే మొదటి టాకీ. కథానాయిక మన రుక్మిణి, నవ్వించే పాత్ర ఆమె భర్తది.

ఇంతకీ ఆ సినిమా తీసిందెక్కడో తెలుసా? మన మదురైలో! సిలోన్‌లో అప్పటికి స్టూడియో లేదు. నిర్మాత నాయగం తమిళుడు, దర్శకుడు జ్యోతిష్ సిన్హా బెంగాలీ. ఆ తర్వాత కొన్నేళ్లపాటు కూడా చాలా సింహళ చిత్రాలు దక్షిణాది స్టూడియోల్లోనే తయారయ్యాయి. నటీనటులు సముద్రం దాటి, నెలల తరబడి ఇల్లు వదిలి వచ్చి నటించేవారు. 1956లో లెస్టర్ జేమ్స్ పీరిస్ 'రేఖావ'ను సొంత గడ్డమీదే, ఆరుబయట తీశాక గాని ఆ తీరు మారలేదు.

వయసు పైబడ్డాక నాయిక పాత్రలు తగ్గాయి. గొంతు మాత్రం ఉంది కదా! ఊళ్లలో కార్నివాల్ వేదికలమీద పాడుతూ బతుకుబండి లాగింది. 1978 అక్టోబరు 28న అలాంటి కచేరీ ముగించుకుని నెగొంబోలోని ఇంటికి వస్తూ కారు ప్రమాదంలో కన్నుమూసింది. అప్పటికామెకు 55 ఏళ్లు.

1956లో సింహళమొక్కటే అధికార భాష అన్న చట్టం వచ్చాక, భాష పేరిట ఆ దేశంలో ఎంత చిచ్చు రేగిందో మనకు తెలుసు. 1958లో అల్లర్లు కూడా జరిగాయి. అయినా ఈ తమిళ ఆడపడుచు పోయిందని వింటే సింహళ జనం వెల్లువలా కదిలివచ్చి కన్నీరు పెట్టారు. ఆమె ఇంటిపేరేమిటని, ఏ గుడికి వెళ్లేదని ఎవరూ అడగలేదు.