గొంతు మారిన కుర్రాడు

ఆ గొంతు మగపిల్లవాడిదో ఆడపిల్లదో మొదటిసారి విన్నప్పుడు తేల్చుకోలేం. పదమూడేళ్ళ ఫ్రాంకీ లైమన్‌ది అది. న్యూయార్క్ హార్లెంలో పుట్టి, పదేళ్ళ వయసుకే కిరాణా కొట్టులో పనికి కుదిరినవాడు. తనకన్నా కాస్త పెద్దవాళ్ళయిన నలుగురు కుర్రాళ్ళతో జతకట్టాడు. వాళ్ళలో హెర్మన్ శాంటియాగో, జో నెగ్రోనీ ప్యూర్టోరికన్లు. జిమ్మీ మర్చంట్, షెర్మన్ గార్న్స్ ఫ్రాంకీలాగే నల్లజాతి పిల్లలు. వాద్యాలు కొనే స్తోమత లేక, వీధి మలుపుల్లో గొంతులనే వాద్యాలుగా చేసుకుని పాడే పిల్లల కాలం అది.

1956 జనవరిలో వాళ్ళ ‘వై డూ ఫూల్స్ ఫాల్ ఇన్ లవ్’ విడుదలైంది. ప్రేమలో పడే పిచ్చివాళ్ళ గురించి, ప్రేమంటే ఏమిటో ఇంకా తెలియని పిల్లవాడు వేసే ప్రశ్న ఆ పాట. గార్న్స్ మంద్రస్వరంతో ఎత్తుకుంటాడు. దాని మీదికి ఫ్రాంకీ గొంతు గాలిపటంలా లేస్తుంది. అమెరికా రిథమ్ అండ్ బ్లూస్ పట్టికలోనూ, ఆపైన బ్రిటన్‌లోనూ అది మొదటి స్థానానికి చేరింది.

ఆ మరుసటేడే ఫ్రాంకీని జట్టు నుంచి విడదీసి ఒంటరిగా పాడించారు. ఆ వేసవిలో ఒక టీవీ కార్యక్రమంలో తెల్లజాతి అమ్మాయితో నాట్యం చేశాడని దక్షిణాది రాష్ట్రాలు భగ్గుమన్నాయి. ఏబీసీ ఆ కార్యక్రమాన్నే ఎత్తేసింది. పదిహేనేళ్ళకే హెరాయిన్ రుచి చూశానని తర్వాతెప్పుడో ఫ్రాంకీయే చెప్పుకున్నాడు. పక్కన ఉన్న పెద్దవాళ్ళు లెక్కలు చూసుకున్నారు కానీ పిల్లవాణ్ణి చూసుకోలేదని నాకనిపిస్తుంది.

మీసకట్టు వచ్చే వయసులో మగపిల్లలందరికీ గొంతు మారుతుంది. ఇంట్లోవాళ్ళు నవ్వుకుంటారు, అంతటితో సరి. ఫ్రాంకీకి మాత్రం అది నోటి దగ్గర కూడు పోవడమే. 1965లో ఒక టీవీ వేదిక మీద మళ్ళీ కనిపించాడు. రికార్డులో పదమూడేళ్ళ ఫ్రాంకీ పాడుతుంటే, దానికి తగ్గట్టు ఇరవై రెండేళ్ళ ఫ్రాంకీ పెదవులు కదిపాడు. తన పాటకు తానే తోలుబొమ్మయిన ఆ దృశ్యం ముందు అతని చావు కూడా నాకు చిన్నదిగానే తోస్తుంది.

ఆ చావు 1968 ఫిబ్రవరి 27న వచ్చింది. సైన్యంలో కొన్నాళ్ళు గడిపి, మళ్ళీ పాడే అవకాశం దొరికిందని న్యూయార్క్ వచ్చాడు. మర్నాడే రికార్డింగ్. అవ్వ ఇంట్లో, స్నానాలగదిలో, హెరాయిన్ ఎక్కువై పోయాడు. ఇరవై అయిదేళ్ళు.

1981లో డయానా రాస్ అదే పాట పాడి హిట్ చేయగానే రాయల్టీ డబ్బు కదిలింది. భార్యనంటే భార్యనని ముగ్గురు స్త్రీలు కోర్టుకెక్కారు. చివరికి బడిపంతులమ్మ ఎమైరా ఈగిల్‌దే చెల్లుబాటయ్యే పెళ్ళని తేలింది. పాట ఎవరిదన్న తగవు అంతకన్నా పాతది. రికార్డు కంపెనీ యజమాని జార్జ్ గోల్డ్‌నర్ రచయితగా తన పేరు చేర్చుకున్నాడు. గుర్రప్పందేల అప్పుల్లో మునిగి కంపెనీలను మోరిస్ లెవీకి అమ్మేసరికి ఆ చోటులోకి లెవీ పేరు వచ్చింది. ఆస్తితో పాటు కవిత్వం కూడా చేతులు మారుతుందన్నమాట!

గార్న్స్, నెగ్రోనీ 1970లలోనే పోయారు. మిగిలిన శాంటియాగో, మర్చంట్ పాట తమదని దావా వేశారు. 1992లో జ్యూరీ వాళ్ళనే నమ్మింది. 1996లో అప్పీలు కోర్టు ఆ తీర్పును కొట్టేసింది. వాళ్ళు రాయలేదని కాదు, మూడేళ్ళ గడువు దాటి దావాకు కాలదోషం పట్టిందని. హక్కు తిరిగి లైమన్, లెవీల పేర్ల మీదికి వెళ్ళింది. అప్పటికి ఆ ఇద్దరూ బతికి లేరు.